బంతి సంగటి పెడుతుందా?

పాఠాలు చెప్పేవాడికి నోటిదురుసు వుండరాదని మా గురువుగారు అంటూ వుండేవారు. "నువ్వన్న మాట సాయంత్రానికి నువ్వు మరచిపోతావు. విన్నవాడు ముసలివాడయ్యేదాకా మరచిపోడు" అని ఆయన హెచ్చరిక. యిరవై యేళ్ళుగా తెలుగు చెబుతున్నాను. ఆ హెచ్చరిక నాకు బాగానే జ్ఞాపకం వుంది. సమయానికి మాత్రం జ్ఞాపకం రాదు.

ఆ వేళ మూడో పీరియడు. బి.ఏ. రెండో సంవత్సరం క్లాసు. పెద్దనగారి ప్రవరుణ్ణి హిమాలయం మీద నిలబెట్టి, కాళ్ళకు పూసుకున్న పసరు మంచుకు యెలా కరిగిపోయిందో చెబుతున్నాను. వెనకబెంచీ కుర్రవాడొకడు లేచివచ్చి, నలిగిన కాగితమొకటి నా బల్లమీద పెట్టాడు. సెలవు చీటీ. ఆ క్లాసు బాధ్యత నాది గనక సంతకం నేను పెట్టాలి.

"యేమిటిది?"

"శుక్ర, శనివారాలు సెలవు కావల్ల సార్. కడపలో ఆట ఉండాది."

"యేమి ఆట? క్రికెట్టా?"

"కాదు సార్. ఫుట్ బాలు."

క్రికెట్టని వుంటే సంతకం పెట్టేవాణ్ణేమో! నిజం చెప్పుకోవాలి గదా. ఫుట్ బాలు అనగానే నాకెందుకో నవ్వొచ్చింది.

"ఒరే అబ్బాయీ, మీ నాయన చెనక్కాయల చేలో నడుము విరగ్గొట్టుకొని నిన్ను చదివిస్తూంటే నువ్వు బంతి తంతానంటావా? బంతి సంగటి పెడుతుందా?" అన్నాను.

క్లాసంతా గొల్లుమంది. నా చమత్కారానికి నేను కూడా కొంచెం సంతోషించాను. ఆ కుర్రవాడు మాత్రం నవ్వలేదు. చీటీ మడిచి జేబులో పెట్టుకొని వెళ్ళి కూర్చున్నాడు. నేను ప్రవరుణ్ణి మళ్ళీ అందుకున్నాను.

యితర జిల్లాల పాఠకుల కోసం ఒక మాట. సంగటి అంటే రాగిపిండీ, బియ్యమూ కలిపి వండి కెలికిన ముద్ద. మా రాయచోటి వైపు బ్రతుకుతెరువుకు అది మారుపేరు. వాన కురిస్తే సంగటి, కురవకపోతే చింత. అందుచేత యిక్కడ ప్రతి పనినీ మొదట ఆ ప్రశ్నే అడుగుతారు. నేనూ అడిగాను. తప్పేముంది?

తప్పేముందో సాయంత్రం తెలిసింది.

పంట్లాం ఒకటి బిగువైతే బజారులో దర్జీ దుకాణానికి వెళ్ళాను. ఆ దర్జీకి డెబ్బయి అయిదు దాటి వుంటాయి. వూళ్ళో అందరికీ ఆయన 'భాయి'. మిషను మీద ఒక పచ్చ చొక్కా పడి వుంది. వీపున తెల్లగుడ్డతో తొమ్మిది అంకె సగం కుట్టి ఆపేసి వుంది.

"యెవరిది భాయీ, అంకెల చొక్కా?"

"మీ కాలేజి పిల్లోడిదే అయ్యవారూ. పొద్దన యిచ్చిపాయ. యిప్పుడొచ్చి అంకె వొద్దులే తాతా అన్నాడు. మీరేందో అన్నారంట గదా, బంతి సంగటి పెడ్తాదా అని!"

నేను మాట్లాడలేదు. ఆయన కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు.

"పెట్టింది అయ్యవారూ. నేను జూసినా. నాకు పది పన్నెండేండ్లప్పుడు మా మామ దుకాణంలో కాజాలు కుట్టేదానికి నన్ను హైదరాబాదుకు తీసకపోయినాడు. పోలీసోళ్ళ ఆట ఉండాదంటే మా మామ కత్తెర ఆడనే పడేసి పోతాండె. నేను ఆయన బుజాల మీద కూకోని జూస్తాంటి. ఆ ఆడేటోళ్ళంతా మనట్లాంటోళ్ళే. బంతి బాగా తంతే పోలీసులో కొలువు. కొలువంటే సంగటే గదా!"

యింటికి వచ్చి యీ సంగతంతా మా ఆవిడతో చెప్పాను. ఆమె నన్ను సమర్థిస్తుందనుకున్నాను. "సంతకం పెట్టకపోతే పెట్టకపోయారు. ఆ పిల్లవాణ్ణి నలుగురిలో అనకపోతే యేం?" అని వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఆ రాత్రి మొదలుపెట్టి నాలుగు రోజులు నేను చదివింది ప్రబంధం కాదు. హైదరాబాదు పోలీసు ఫుట్ బాలు జట్టు చరిత్ర. చదివినకొద్దీ, యింతటి కథ తెలుగునాట జరిగి వుండి, తెలుగు యెం.ఏ. చదివిన నాకు యిన్నాళ్ళూ తెలియకుండా యెలా పోయిందా అని ఆశ్చర్యపోయాను.

అయితే కథ హైదరాబాదులో మొదలు కాదు. ముందు ఇంగ్లండు వెళ్ళిరావాలి.

అమెచ్యూరు అనే మాట మనకు కొత్తది కాదు. మన వూళ్ళలో అమెచ్యూరు నాటక సమాజాలు వుండేవి. పగలు ప్లీడరో, గుమాస్తానో అయి, రాత్రి ముఖాన రంగు పూసుకునేవాడు అమెచ్యూరు. డబ్బుకు కాక ముచ్చటకు ఆడేవాడన్న మాట. ఫుట్ బాలులో అటువంటి ముచ్చట జట్లకు పెద్దన్న లండనులో 1882లో పుట్టిన కొరింథియన్ క్లబ్బు. జాక్సన్ అనే ఆయన దాన్ని స్థాపించాడు. పెద్ద పెద్ద బడుల్లో, విశ్వవిద్యాలయాల్లో చదువుకున్న కలవారి బిడ్డలు అందులో ఆటగాళ్ళు. జీతం పుచ్చుకోరు. చాలాకాలం కప్పులకోసం ఆడటం కూడా తమ మర్యాదకు తక్కువనుకున్నారు. పెనాల్టీ కిక్కు అనే నిబంధన 1891లో వచ్చినప్పుడు, పెద్దమనిషి కావాలని తప్పు చేస్తాడని అనుకోవడమే అవమానం అని భావించి, తమకు వచ్చిన పెనాల్టీని కావాలనే గోలు బయటికి తన్నేవారని చెప్పుకుంటారు.

మర్యాదస్థులు గదా అని ఆటలో తక్కువ వారనుకోకండి. 1894లోనూ, 1895లోనూ వేల్సు మీద ఆడిన ఇంగ్లండు జట్టులో మొత్తం పదకొండుగురూ యీ క్లబ్బు వారే. 1904లో మాంచెస్టర్ యునైటెడ్ జట్టును 11-3 గోళ్ళతో ఓడించారు. 1910లో బ్రెజిలు దేశం వెళ్ళి ఆడితే, ఆ ఆట చూసి మురిసిపోయి సావోపాలో నగరంలో ఆ పేరుతోనే ఒక క్లబ్బు పెట్టుకున్నారు. అది యీనాటికీ ఆ దేశంలో మహా ప్రసిద్ధమైన క్లబ్బు. అసలు కొరింథియన్ మాత్రం, జీతపుటాటగాళ్ళ కాలం వచ్చాక నిలదొక్కుకోలేక, 1939లో మరో క్లబ్బుతో కలిసిపోయింది.

నాకు యిక్కడ ఒక సందేహం తోచింది. వాళ్ళు ముచ్చట కోసం ఆడారంటే గొప్పే. కాని యింటికి వెళ్ళేసరికి వాళ్ళ భోజనం బల్లమీద సిద్ధంగా వుండేది. సంగటి చింత లేనివాడు డబ్బు ముట్టనని ఒట్టుపెట్టుకోవటం యెంత సేపు? ఆ చింత వున్నవాడు ఆడాలంటే యెలాగ? ఈ ప్రశ్నకు ఇంగ్లండు వారి దగ్గర జవాబు లేదు. హైదరాబాదు వారి దగ్గర వుండేది.

మన దేశానికి యీ ఆటను తెచ్చింది ఇంగ్లీషు సిపాయీలు. 1888లో సిమ్లాలో డ్యూరాండ్ కప్పు, 1891లో బొంబాయిలో రోవర్స్ కప్పు వాళ్ళ పటాలాల కోసం పెట్టుకున్నవే. తొలిరోజుల్లో ఆ కప్పులు వాళ్ళ చేతుల్లోనే తిరిగేవి. 1911లో కలకత్తా మోహన్ బగాన్ జట్టు దాదాపు అందరూ వుత్త కాళ్ళతో ఆడి, ఈస్ట్ యార్క్ షైర్ పటాలాన్ని 2-1 గోళ్ళతో ఓడించి ఐ.ఎఫ్.ఏ. షీల్డు పట్టుకు వచ్చేసరికి, బంతికి జాతి భేదం లేదని దేశమంతటికీ తెలిసింది.

హైదరాబాదు సిటీ పోలీసు జట్టు పుట్టింది 1939లో. ఇంగ్లండులో కొరింథియన్ దీపం ఆరిన సంవత్సరమే యిక్కడ యీ దీపం వెలిగింది! వీళ్ళ పద్ధతి చాలా తేలిక. బస్తీల్లో, మైదానాల్లో బాగా ఆడే కుర్రవాళ్ళను చూసి పోలీసులో చేర్చుకోవటం. నెలకింత జీతం, తలదాచుకోవటానికి చోటు, ఆడుకోవటానికి మైదానం. ఆటకు జీతం లేదు గనక అమెచ్యూర్లే. వుద్యోగానికి జీతం వుంది గనక యింట్లో పొయ్యి వెలుగుతుంది. కొరింథియన్ వారికి తాతలు యిచ్చిన నిశ్చింతను వీళ్ళకు సర్కారు కొలువు యిచ్చింది.

కొలువు ఒక్కటీ చాలదు. గురువు కావాలి. ఆ గురువు సయ్యద్ అబ్దుల్ రహీం.

ఆయన 1909 ఆగస్టు 17న పుట్టారు. వుస్మానియా విశ్వవిద్యాలయంలో బి.ఏ. చదివారు. వృత్తి చేత బడిపంతులు! కాచిగూడ మిడిల్ స్కూలు, చాదర్ ఘాట్ హైస్కూలు మొదలైన చోట్ల పాఠాలు చెప్పారు. వ్యాయామవిద్యలో డిప్లొమా పుచ్చుకున్నారు. 1943 మొదలు చనిపోయేదాకా హైదరాబాదు ఫుట్ బాలు సంఘానికి కార్యదర్శి. 1950 నుంచి పోలీసు జట్టుకు శిక్షకుడు. అందరూ రహీం సాబ్ అనేవారు.

ఆయన నేర్పిన తీరు చదువుతూంటే, సాటి పంతులుగా నాకు సిగ్గూ, సంతోషమూ రెండూ కలిగాయి. కుర్రవాళ్ళు బంతిని కాళ్ళ మధ్య దాచుకొని, ఒక్కడే నలుగుర్నీ దాటుకుపోవాలని సరదాపడతారు గదా. ఆ సరదా మాన్పాలని, బంతిని అట్టే పెట్టుకోకుండా వెంటనే మరొకడికి అందించి తీరాలనే షరతుతో పోటీలు పెట్టేవారు. కుడికాలి వాటం వాడు యెడమకాలితోనే తన్నాలని మరో పోటీ. వాటం లేని కాలితో నెల రోజులు తన్నిచూస్తే, వాడికి రెండు కాళ్ళూ కుడికాళ్ళే అవుతాయి. తిట్టి నేర్పేది కాదు, ఆడించి నేర్పేది. 'తోటివాడికి అందించు, ఖాళీ వున్నచోటికి పరుగెత్తు' అనేది ఆ బడిలో ఓనమాలు.

ఆ బడి ఫలితాలు చూడండి. 1948 సెప్టెంబరులో హైదరాబాదు రాజ్యం భారతదేశంలో కలిసింది. యుద్ధమూ దేశవిభజనా కారణంగా ఆగిపోయిన డ్యూరాండ్ కప్పు 1950లో ఢిల్లీలో మళ్ళీ మొదలైంది. ఫైనలులో మోహన్ బగాన్ ను ఓడించి కప్పు పట్టుకుపోయింది యీ పోలీసు జట్టు. అదే సంవత్సరం బొంబాయిలో రోవర్స్ కప్పు కూడా వీళ్ళదే. ఆ తరువాత 1951, 52, 53, 54. వరుసగా అయిదేళ్ళు రోవర్స్ కప్పు హైదరాబాదు రైలెక్కి వచ్చింది. మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ వంటి కలకత్తా మహామహులు వుండగా, మన దేశపు క్లబ్బు మరేదీ ఆ కప్పును అలా అయిదేళ్ళు వరుసగా గెలవలేదు. డ్యూరాండ్ మళ్ళీ 1954లోనూ, 1957లోనూ వచ్చింది. 1957లో రోవర్స్ కూడా తోడు వచ్చింది. రాష్ట్రాల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీని హైదరాబాదు రెండుసార్లు వెంట వెంటనే గెలిచింది కూడా ఆ రోజుల్లోనే.

యీ ఆటగాళ్ళలో చాలామందికి తొలిరోజుల్లో బూట్లు లేవు. వుత్త కాళ్ళకు గుడ్డ పట్టీలు చుట్టుకొని ఆడేవారు. దేశమంతటా అంతే. 1952లో హెల్సింకీ ఒలింపిక్సుకు వెళ్ళిన మన జట్టులో యెక్కువమంది అలాగే దిగారు. పోలీసు జట్టు నుంచి నూర్ మహమ్మద్, అజీజుద్దీన్ వంటి వాళ్ళు అందులో వున్నారు. అక్కడ చలి. తడిసిన పచ్చిక. యెదుట యుగోస్లావియా. 10-1 గోళ్ళతో ఓడిపోయారు. మంచుకు పసరు కరిగిన ప్రవరుడి కాళ్ళు నాకు మళ్ళీ జ్ఞాపకం వచ్చాయి. ఆ పరాభవం తరువాత మన ఫుట్ బాలు సంఘం వారు అందరూ బూట్లు తొడగాల్సిందే అన్నారు. జారే నేలమీద చిన్నప్పటి నుంచి వ్రేళ్ళతో బంతిని పట్టుకున్నవాడు, ముప్ఫయ్యేళ్ళ వయసులో తోలుబూటుతో మళ్ళీ అక్షరాభ్యాసం చేసుకున్నాడు.

నాలుగేళ్ళు తిరిగాయి. 1956లో మెల్బోర్న్ ఒలింపిక్సు. భారత జట్టుకు గురువు మన రహీం సాబే. అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, అహ్మద్ హుస్సేన్, సలాం, జుల్ఫికరుద్దీన్, తులసీదాస్ బలరాం - యింతమంది హైదరాబాదు గడ్డమీద ఆట నేర్చినవాళ్ళే. ఆస్ట్రేలియాను వాళ్ళ గడ్డ మీదనే 4-2 గోళ్ళతో ఓడించారు. బొంబాయి కుర్రవాడు నెవిల్ డిసౌజా అందులో మూడు గోళ్ళు కొట్టాడు. సెమీఫైనలులో మళ్ళీ ఆ యుగోస్లావియాయే! యీసారి మొదటి గోలు మనవాళ్ళదే. చివరకు 4-1తో ఓడిపోయారు. మూడో స్థానం కోసం బల్గేరియాతో ఆడి 3-0తో ఓడి, నాలుగో స్థానంలో నిలిచారు. ఒలింపిక్సు ఫుట్ బాలులో మన దేశం అంతకు మించి పైకి యెన్నడూ పోలేదు. 1960 రోము తరువాత అసలు ఆ గడపే తొక్కలేదు.

బలరాం సంగతి వేరే చెప్పాలి. సికిందరాబాదు దగ్గర అమ్ముగూడలో పేదయింటి పిల్లవాడు. రహీం సాబ్ ఆ కుర్రవాడి ఆట చూసి శిక్షణకు రమ్మన్నారు. అమ్ముగూడ నుంచి హైదరాబాదు మైదానానికి రోజూ రావాలంటే సైకిలు కావాలి. సైకిలు లేదు, అద్దెకు తీసుకోవటానికి డబ్బు లేదు. ఆ అద్దె డబ్బులు రహీం సాబే యిచ్చారు. బడిపంతులు జీతం యెంతో నాకు తెలుసు. అందులోంచి ఒక కుర్రవాడి సైకిలు అద్దె తీయటం యెంత పనో కూడా తెలుసు. ఆ సైకిలు మీద వచ్చిన పిల్లవాడు మెల్బోర్న్, రోము ఒలింపిక్సు రెండూ ఆడాడు. మన దేశపు ముందువరుస ఆటగాళ్ళలో మేటి అనిపించుకున్నాడు. 2023లో కన్ను మూశాడు.

యిది చదివి పుస్తకం మూసేశాను. ఒక పంతులు సైకిలు అద్దె యిచ్చాడు. యింకో పంతులు సంతకం కూడా పెట్టలేదు!

యిక చివరి అంకం. 1962 సెప్టెంబరు 4. జకార్తాలో ఆసియా క్రీడల ఫైనలు. రాజకీయపు గొడవల వల్ల అక్కడి జనానికి మనవాళ్ళ మీద మహా ఆగ్రహంగా వుంది. లక్షమంది కూర్చున్న స్టేడియంలో మనజట్టుకు యీలలూ, కేకలూ తప్ప చప్పట్లు లేవు. యెదుట దక్షిణ కొరియా. అదే క్రీడల్లో మొదటి ఆటలో మనల్ని 2-0తో ఓడించిన జట్టు. తలకు దెబ్బతగిలి కుట్లుపడ్డ జర్నైల్ సింగ్ వెనకవరుస మనిషి. అతణ్ణి ముందువరుసలో దించారు రహీం సాబ్. పి.కె. బెనర్జీ ఒక గోలు, ఆ కుట్లతలవాడు ఒక గోలు. 2-1. బంగారు పతకం. 1951లో ఢిల్లీలో మొదటి ఆసియా క్రీడల బంగారం కూడా ఆయన శిక్షణలోనిదే.

అప్పటికే ఆయన వూపిరితిత్తుల్లో రాచపుండు. 1963 జూన్ 11న చనిపోయారు. ఆంధ్రప్రదేశ్ పోలీసు అని పేరు మారిన ఆ జట్టు 1960లో రోవర్సూ, 1961లో డ్యూరాండూ గెలిచింది. 1962లో ఈస్ట్ బెంగాల్ తో రోవర్స్ కప్పును పంచుకుంది. 1963లో ఒక్కతే గెలిచింది. అంతే. మళ్ళీ ఆ కప్పు యీ వైపు రాలేదు.

యెందుకు ఆరిపోయింది? కలకత్తా క్లబ్బులు డబ్బు చూపించి మంచివాళ్ళను పిలుచుకున్నాయని కొందరంటారు. నిజమే. బలరాం వెళ్ళాడు. ఆ తరువాత హైదరాబాదు బిడ్డలే అయిన నయీముద్దీన్, హబీబ్, షబ్బీర్ అలీ కలకత్తా మైదానాల్లోనే పేరు తెచ్చుకున్నారు. 1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల్లో కంచుపతకం తెచ్చిన జట్టుకు నాయకుడు నయీముద్దీన్. 1977లో పెలే వున్న కాస్మోస్ జట్టుతో మోహన్ బగాన్ 2-2తో సమంగా ఆడినప్పుడు హబీబ్ ఆ జట్టులో వున్నాడు. అంటే యిక్కడ విత్తనం చెడిపోలేదు. మొలకను నిలబెట్టుకునే పాదు పోయింది.

1983లో మనవాళ్ళు క్రికెట్టు ప్రపంచకప్పు గెలిచాక కుర్రవాళ్ళ కళ్ళన్నీ అటే తిరిగాయని మరికొందరంటారు. అదీ కొంత నిజమే. నా నోటనే ఆ రుజువు దొరికింది. కాని నాకు తోచేది యిది. ఆ జట్టు మూడు రాళ్ళ పొయ్యి. ఆటగాడికి సంగటి పెట్టే కొలువు ఒక రాయి. ఆడుకునే మైదానం ఒక రాయి. నేర్పే పంతులు ఒక రాయి. మూడూ వున్న పద్నాలుగేళ్ళూ పొయ్యి మండింది. మొదట మూడో రాయి జారింది. ఆ తరువాత తక్కినవీ సడలాయి. కొరింథియన్ వారి పొయ్యి మీద వంట మాత్రమే వుండేది. రాళ్ళు వాళ్ళ తాతలవి. యిక్కడ రాళ్ళు కూడా మనమే పేర్చుకోవాలి. అందుకే పడిపోతే మళ్ళీ లేవటం కష్టం.

2000 సంవత్సరం దాటాక రోవర్స్ కప్పే ఆగిపోయింది. 2019లో హైదరాబాదు పేరుతో జీతపుటాటగాళ్ళ క్లబ్బొకటి పుట్టి, 2022లో ఐ.ఎస్.ఎల్. కప్పు గెలిచి, 2025లో సొంతదార్లతో పాటు ఢిల్లీ వెళ్ళిపోయింది. రహీం సాబ్ కథ 2024లో 'మైదాన్' అనే హిందీ సినిమాగా వచ్చింది. సినిమా వచ్చాక గాని మనవాడు మనకు తెలియకపోవటం మనకు అలవాటే.

సోమవారం మళ్ళీ మూడో పీరియడు. క్లాసులోకి వెళ్ళగానే ఆ కుర్రవాణ్ణి పిలిచాను.

"నీ సెలవు చీటీ యేదిరా?"

"ఆట అయిపోయింది సార్."

శుక్ర, శనివారాలు గడచిపోయిన సంగతి నాకు తెలియక కాదు. తెలిసీ అడిగాను. సంతకం పెట్టవలసిన రోజున పెట్టని చేయి, తరువాత యెంత చాపినా యేం లాభం?

"మనవాళ్ళు గెలిచారా?"

"లేదు సార్. ఒక మనిషి తక్కువతో ఆడినారు."

ఆ మాట అతను కోపంగా అనలేదు. కోపంగా అంటే నాకు కొంత తేలికగా వుండేది.

ప్రవరుడు హిమాలయం మీదనే వున్నాడు. యింకో గంట వుంటే చచ్చిపోడు గదా అని అతణ్ణి అక్కడే వుంచి, ఆ పీరియడంతా రహీం సాబ్ కథ చెప్పాను. యెడమకాలి పోటీ, సైకిలు అద్దె, కుట్లు వేసిన తల - ఏదీ వదలలేదు. క్లాసు నిశ్శబ్దంగా విన్నది. చివరకు, నలుగురి ముందు అన్న మాటను నలుగురి ముందే వెనక్కి తీసుకున్నాను. "బంతి సంగటి పెడుతుందా అని అడగటం తప్పు. బంతి ఆడేవాడికి మనం సంగటి పెడుతున్నామా అని అడగాలి" అన్నాను.

ముందుబెంచీ బుద్ధిమంతుడొకడు లేచాడు. "సార్, యిది పరీక్షలో వస్తాదా?"

"రాదురా" అన్నాను.

అప్పుడు నవ్వాడు, ఆ వెనకబెంచీ కుర్రవాడు.

ఆ సాయంత్రం దర్జీ దుకాణం మీదుగా వచ్చాను. పచ్చచొక్కా అక్కడే వుంది. "తొమ్మిది పూర్తి చెయ్యి భాయీ, కూలి నేనిస్తాను" అన్నాను. ఆయన మాట్లాడకుండా సూదిలో దారం యెక్కించమని నా చేతికిచ్చాడు. ఆ వయసులో ఆయనకు కన్ను ఆనదు. నాకూ ఆనలేదు. మూడోసారికి యెక్కింది.

కాలేజి వెనక మా మైదానంలో సగం కంపచెట్లు పెరిగి వున్నాయి. వచ్చే ఆదివారం కొడవళ్ళు తెస్తామని పిల్లలు అంటున్నారు. నన్నూ రమ్మన్నారు. మా ఆవిడ పాత చెప్పులు తీసి సిద్ధంగా పెట్టింది.